గోడల్లో చెమ్మ: నీటి దారి కనిపెట్టడం నుంచి రంగు వేయించే దాకా

గోడ అడుగున రంగు ఉబ్బి, పెచ్చులు ఊడి, చేత్తో రాస్తే తెల్లటి పొడి రాలుతుంటే చాలా ఇళ్ళలో జరిగేది ఒకటే. పెయింటర్ వస్తాడు. ఊడిన చోట గీకి, పుట్టీ పెట్టి, డ్యాంప్ ప్రూఫ్ అని రాసి ఉన్న డబ్బా తెచ్చి రెండు కోట్లు కొడతాడు. పండక్కి గోడ కొత్తదిలా ఉంటుంది. మరుసటి వానాకాలానికి అదే చోట, ఒక్కోసారి ఇంకో అడుగు పైన కూడా, మళ్ళీ ఉబ్బుతుంది. ఏటా ఇలా ఖర్చు పెట్టే వాళ్ళని చూస్తే బాధగా ఉంటుంది. అదే డబ్బు ఒక్కసారి సరైన చోట పెడితే చాలా ఇళ్ళలో ఈ గొడవ తీరిపోయేది.

మీరు రెండు ప్రశ్నలు వేసుకోవాలి. నీరు ఎటు నుంచి వస్తోంది? వచ్చిన నీరు ఎటు ఆరుతోంది? మొదటి ప్రశ్నకి జవాబు దొరికే దాకా రూపాయి కూడా ఖర్చు పెట్టకండి. రెండో ప్రశ్నని మేస్త్రీలు కూడా పెద్దగా పట్టించుకోరు. ఇటుక, సిమెంటు, సున్నం అన్నీ కొద్దో గొప్పో నీరు పీల్చేవే. పీల్చిన నీరు ఆరిపోతూ ఉంటే గోడకి ఏమీ కాదు. రెండు వైపులా ఆరకుండా మూసేస్తేనే గోడ లోపల్నుంచి పాడవుతుంది.

కనిపెట్టే పని వానాకాలంలో, బాగుచేసే పని ఎండాకాలంలో పెట్టుకోండి. తెలంగాణలో, ఉత్తర కోస్తాలో జూన్ నుంచి సెప్టెంబరు దాకా గోడలు గమనించండి. నెల్లూరు, తిరుపతి వైపు ఈశాన్య రుతుపవనాలు వచ్చే అక్టోబరు నుంచి డిసెంబరు దాకా చూడాలి. మరమ్మతు మార్చి, మే మధ్యలో అయితే పాత ప్లాస్టరింగ్ ఊడగొట్టాక గోడ ఆరడానికి ఎండ దొరుకుతుంది.

ఇంకో మాట ముందే చెప్పాలి. చెమ్మ పట్టిన గోడలో స్విచ్ బోర్డు గానీ ప్లగ్ పాయింట్ గానీ ఉంటే, మిగతావన్నీ పక్కన పెట్టి ఎలక్ట్రీషియన్‌ని పిలవండి. ఆ లైను ఎంసీబీ కట్టేసి ఉంచండి. ఇంట్లో 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే వెంటనే లైను కట్టేసే స్విచ్) లేకపోతే ఇదే అదనుగా పెట్టించుకోండి. తడి గోడలో కరెంటు లీకైతే మామూలు ఫ్యూజు కాపాడదు.

1. గోడ మీద గీత గీసి గమనించండి

చెమ్మ మరక అంచు వెంబడి పెన్సిల్‌తో గీత గీసి, పక్కన తేదీ వేయండి. ఫోన్‌లో ఫొటో తీసి పెట్టుకోండి. వారానికోసారి చూడండి. వాన పడ్డ మర్నాడు గీత దాటిందా? ఇంటిల్లిపాదీ ఊరెళ్ళి వచ్చేసరికి తగ్గిందా? నడివేసవిలో కూడా అలాగే ఉందా? ఈ మూడింటికీ జవాబులు దొరికితే సగం పని అయినట్టే.

తర్వాత మరక ఎక్కడుందో చూడండి. నేల నుంచి రెండు మూడు అడుగుల ఎత్తు దాకా, గోడ పొడవునా పట్టీలా పాకి, పై అంచున తెల్లటి ఉప్పు పేరుకుని ఉంటే అది నేల చెమ్మ. దీపం వత్తి నూనెని పైకి లాగినట్టు, ఇటుకలోనూ సిమెంటులోనూ ఉండే సన్నటి రంధ్రాలు భూమిలోని నీటిని పైకి లాగుతాయి. సాధారణంగా ఇది మీటరు ఎత్తు దాటదు. ఆ ఎత్తుకి వచ్చేసరికి ఎక్కే నీరూ ఆరే నీరూ సమానమవుతాయి. గోడని టైల్స్‌తోనో ఆయిల్ పెయింట్‌తోనో మూసేస్తే ఈ లెక్క తప్పుతుంది. ఆరే దారి లేక నీరు ఇంకా పైకి ఎక్కుతుంది. రంగు వేయించిన ఏడాదికి మరక అడుగు పైకి పాకడం వెనక ఉన్న కారణం ఇదే.

గోడ నడిమధ్యలో, ముఖ్యంగా బాత్రూం లేదా వంటింటి సింకు అవతలి వైపున, వానతో పని లేకుండా ఏడాది పొడవునా మరక ఉంటే పైపుల్ని అనుమానించండి. గోడ పైభాగంలో, స్లాబ్ కలిసే చోట వాన పడ్డ ఒకటి రెండు రోజులకి మరక వస్తే పైన పిట్టగోడ మొదట్లో చూడాలి. కిటికీ కింది రెండు మూలల్లో ఉంటే కిటికీ గట్టుకి వాటం లేదన్నమాట. బీరువా వెనకో మంచం తలాపునో ఉప్పు ఏమీ లేకుండా నల్లటి చుక్కలు, బూజు వాసన మాత్రమే ఉంటే నీరు గోడలో నుంచి రావడం లేదు. గదిలోని గాలిలో ఉన్న తేమే చల్లటి గోడకి తగిలి చెమర్చుతోంది.

2. చిన్న పరీక్షలు చేయండి

ఇవి చాలావరకు మీరే చేసుకోవచ్చు, పెద్ద ఖర్చేమీ లేదు.

గోడలోని నీరా, గాలిలోని తేమా అన్న అనుమానం ఉంటే అడుగు పొడవు, అడుగు వెడల్పు పాలిథిన్ కవరు ముక్క తీసుకుని, నాలుగు అంచులూ గట్టి టేపుతో గోడకి అతికించండి. ఒకటి రెండు రోజులు ఆగి చూడండి. కవరుకి గది వైపు చెమరిస్తే అది గాలి తేమ. గోడ వైపు చెమరిస్తే నీరు గోడలోంచి వస్తోంది.

మంచినీళ్ళ పైపుల కోసం రాత్రి పడుకునే ముందు కుళాయిలన్నీ కట్టేసి, మోటారు ఆపి, పైన ట్యాంకులో నీటి మట్టం గుర్తు పెట్టండి. తెల్లారేసరికి మట్టం తగ్గితే ఎక్కడో కారుతోంది. వెంటనే గోడ పగలగొట్టించకండి. కమోడ్ ఫ్లష్ ట్యాంకు లోపల వాషరు అరిగినా నీరు ఇలాగే పోతుంది. ఆ ట్యాంకులో కాస్త రంగు కలిపి, ఫ్లష్ చేయకుండా అరగంట ఆగితే రంగు కమోడ్‌లోకి దిగిందో లేదో తెలుస్తుంది. అది కాదని తేలాక ప్లంబర్‌తో పైపులో ఒత్తిడి ఎక్కించే చేతి పంపు, ఆ ఒత్తిడి చూపే మీటరు పెట్టించి ప్రెషర్ టెస్ట్ చేయించండి. చన్నీళ్ళ లైను, గీజరు వేణ్ణీళ్ళ లైను విడివిడిగా చూడమనండి.

బాత్రూం నేలకైతే నహానీ ట్రాప్ (నేల మీది నీళ్ళు పోయే తూము) జాలీ తీసి, గుడ్డతోనో రబ్బరు బిరడాతోనో గట్టిగా మూసి, అంగుళం ఎత్తు నీళ్ళు నిలపండి. గోడ మీద మట్టం గుర్తు పెట్టి 24 గంటలు వదిలేయండి. మట్టం బాగా తగ్గినా, కింది ఇంటి సీలింగ్‌లోనో పక్క గోడలోనో చెమ్మ కనిపించినా లోపం నేలలో ఉంది. నీరు అలాగే నిలిచి ఉంటే బిరడా తీసి ఒక్కసారిగా వదలండి. అప్పుడు చెమ్మ వస్తే లోపం మురుగు పైపుది. అప్పుడూ రాకపోతే షవర్ తిప్పి, గోడ టైల్స్ మీద మాత్రమే పావుగంట నీళ్ళు పడనివ్వండి. ఈ వరస తప్పించవద్దు. అన్నీ ఒకేసారి తడిపితే ఏది కారిందో ఎప్పటికీ తేలదు.

బయటి గోడ మీద పగుళ్ళ సంగతి తేల్చడానికి తోట పైపు చాలు. ఒకరు గది లోపల నిలబడాలి, ఇంకొకరు బయట కింది నుంచి మొదలుపెట్టి పైకి, ఒక్కో ఎత్తులో పది పదిహేను నిమిషాలు నీళ్ళు పట్టాలి. పైనుంచి మొదలుపెడితే కారిన నీరు కింది పగుళ్ళలోకి కూడా పోయి లెక్క తప్పుతుంది.

చెమ్మ కొలిచే మీటర్లు ఆన్‌లైన్‌లో దొరుకుతున్నాయి. రెండు సూదులు గోడకి గుచ్చే రకం మీటర్ల అంకెలు మామూలుగా చెక్క కోసం లెక్క కట్టినవి. ఉప్పు పట్టిన గోడ ఎండిపోయినా అవి ఎక్కువ చూపిస్తాయి. గోడలో ఎక్కడ ఎక్కువ, ఎక్కడ తక్కువ అని పోల్చుకోవడానికి వాడండి. అది చూపించిన అంకెని నమ్మి పని మొదలుపెట్టకండి.

3. ఇంటి చుట్టూ ఒకసారి తిరిగి రండి

లోపలి గోడ ముట్టుకునే ముందు బయట సరిచేయాల్సినవి సరిచేయండి. చాలాసార్లు ఇక్కడే పని తేలిపోతుంది.

ట్యాంకు నిండి పొర్లే పైపు గోడ మీదికే నీళ్ళు వదులుతోందా? ఏసీ నీటి పైపు గోడకి ఆనించి చుక్కలు కారుస్తోందా? ఏసీ రాగి పైపుల కోసం గోడకి వేసిన కన్నం చుట్టూ ఖాళీ అలాగే ఉందా? ఆ కన్నం లోపల్నుంచి బయటికి వాలుగా ఉండాలి, చుట్టూ సీలెంట్ నింపాలి. పూలకుండీలూ తులసికోటా గోడకి ఆనించి రోజూ నీళ్ళు పోస్తున్నారా? వాటిని రెండడుగులు జరపండి. సంపు గోడకి దగ్గరగా ఉంటే నింపి, లోపలికి నీరు రాకుండా కట్టేసి, ఒక రాత్రి మట్టం చూడండి.

మట్టి వాలు ఇంటి నుంచి బయటికి ఉండాలి. పది అడుగుల దూరానికి అర అడుగు వాలు మంచిది. అంత జాగా లేకపోతే గోడ చుట్టూ రెండు మూడు అడుగుల వెడల్పున సిమెంటు గచ్చు వేయించి, బయటికి వాటం పెట్టించండి. పాత పెంకుటిళ్ళకి చూరు బాగా ముందుకి ఉండేది, గోడ చుట్టూ అరుగు ఉండేది. వాన నీరు చూరు నుంచి గోడకి దూరంగా పడేది, అరుగు పునాదిని కాపాడేది. ఇప్పుడు సెంటు జాగా కూడా వదలకుండా కడుతున్నాం కాబట్టి ఆ పని గచ్చుతోనూ సజ్జలతోనూ చేసుకోవాలి.

ఇక రోడ్డు సంగతి. మన ఊళ్ళలో ఇది వీధి వీధికీ ఉన్న కష్టం. పాత రోడ్డుని తవ్వకుండా దాని మీదే సీసీ రోడ్డు, కొన్నేళ్ళకి దాని మీద ఇంకో పొర వేస్తారు. ఒకప్పుడు మూడు మెట్లెక్కి వెళ్ళిన ఇంట్లోకి ఇప్పుడు మెట్టు దిగి వెళ్ళాల్సి వస్తోంది. కట్టినప్పుడు పునాది మీద చెమ్మ ఎక్కకుండా వేసిన అడ్డుపొర, మేస్త్రీలు డీపీసీ అనేది, నేలకి కనీసం 15 సెంటీమీటర్లు, అంటే అర అడుగు పైన ఉండాలి. రోడ్డు లేచేసరికి అది మట్టి కింద పడిపోయింది. ఇక అది ఉన్నా లేనట్టే. రోడ్డు వేస్తున్నప్పుడే వీధిలో వాళ్ళంతా కలిసి, పాత పొర తవ్వి వేయమని పంచాయతీనో మున్సిపాలిటీనో గట్టిగా అడగాలి. తర్వాత ఎవరింటికి వాళ్ళు పెట్టే ఖర్చు కన్నా ఆ అడగడమే తేలిక.

మట్టి తగ్గించడానికి వీలున్న వైపు, ఇంటి గచ్చుకి కనీసం అర అడుగు కిందికి వచ్చేలా తవ్వి తీసేయండి. వీధి వైపు వీలు కాకపోతే గోడ వెంబడి అడుగు వెడల్పు, ఒకటిన్నర అడుగు లోతు కాలువ తవ్వించండి. గోడని శుభ్రంగా కడిగించి, వాటర్‌ప్రూఫింగ్ కలిపిన సిమెంటుతో పూత వేయించి, అది ఆరాక తారు పూత కొట్టించండి. కాలువ అడుగున కన్నాలున్న పైపు వేసి, దాని చివర మురుగు కాలువకో ఇంకుడు గుంతకో కలిపి, కాలువని కంకరతో నింపేయండి. ఆ గుంత గోడకి బాగా దూరంగా ఉండాలి. పాత రాతి పునాది ఉన్న ఇళ్ళలో గోడ పొడవునా ఒకేసారి తవ్వకండి. నాలుగైదు అడుగుల చొప్పున తవ్వి, పూర్తి చేసి, పూడ్చి ముందుకి వెళ్ళండి. పునాది అడుగు కన్నా లోతుకి అసలు వెళ్ళకూడదు.

4. పైన స్లాబ్, పిట్టగోడ

వాన వెలిశాక డాబా ఎక్కి చూడండి. నీళ్ళు ఎక్కడ నిలిచాయో, నాచు ఎక్కడ పట్టిందో అక్కడ వాటం తప్పింది. నీళ్ళు పోయే పైపు వైపు పది అడుగులకి అంగుళంపావు చొప్పునైనా వాలు ఉండాలి. పైపు మూతి దగ్గర ఆకులు, పావురాల గూళ్ళ చెత్త తీసేయడం అన్నిటికన్నా చవకైన వాటర్‌ప్రూఫింగ్.

ఎక్కువ నీరు దిగేది స్లాబ్ మధ్యలోంచి కాదు, స్లాబూ పిట్టగోడా కలిసే మూలలోంచి. ఆ మూలని సిమెంటుతో గుండ్రంగా పూడ్చడాన్ని గోలా అంటారు. అది పగిలి ఉంటే కొట్టేయించి మళ్ళీ వేయించి, స్లాబ్ మీద వేసే వాటర్‌ప్రూఫ్ పూతని దాని మీదుగా పిట్టగోడ మీదికి అడుగు ఎత్తు దాకా తీసుకెళ్ళమనండి. పిట్టగోడ నెత్తి కూడా చూడండి. సన్నటి గోడ కాబట్టి పైన పగిలితే నీరు నేరుగా లోపలికి దిగుతుంది. కడప బండ గానీ గ్రానైట్ ముక్క గానీ రెండు వైపులా అంగుళంన్నర బయటికి వచ్చేలా, డాబా వైపు కాస్త వాలుగా పరిపించండి. బండ అంచు అడుగున సన్నటి గాడి కొట్టిస్తే నీటి చుక్క అక్కడే తెగి కింద పడుతుంది, గోడ వెంట పాకదు. కిటికీ సజ్జలకీ ఇదే పద్ధతి.

బయటి గోడ పగుళ్ళలో వెంట్రుక వాసి పగుళ్ళకి సాగే గుణం ఉన్న బయటి పెయింటు చాలు. వేలిగోరు దూరేంత ఉంటే ‘వి’ ఆకారంలో చెక్కించి, పాలిమర్ కలిపిన మోర్టారుతో నింపించాలి. బీము కింద, పిల్లర్ పక్కన నిలువుగానో అడ్డంగానో తిన్నటి గీతలా వచ్చిన పగులైతే అది కాంక్రీటూ ఇటుకా వేర్వేరుగా కదలడం వల్ల వచ్చింది. అక్కడ పాత పూత ఊడగొట్టి, రెండు వైపులా ఆరేసి అంగుళాలు పరుచుకునేలా చికెన్ మెష్ (సన్నటి ఇనుప వల) బిగించి కొత్త పూత వేస్తేనే నిలుస్తుంది. నల్లరేగడి నేలలో కట్టిన ఇళ్ళకి ఎండాకాలంలో విచ్చుకుని వానాకాలంలో మూసుకునే ఏటవాలు పగుళ్ళు వస్తాయి. అవి పునాది కదలిక వల్ల వచ్చేవి. వాటిని పూడ్చే ముందు స్ట్రక్చరల్ ఇంజనీరుకి చూపించండి.

5. బాత్రూం లోపమైతే

టైల్స్ మధ్య సందుల్లో తెల్ల సిమెంటు ఊడిపోతే, ఎపాక్సీ గ్రౌట్‌తో నింపించడం మొదటి ప్రయత్నం. నహానీ ట్రాప్ చుట్టూ, కమోడ్ అడుగున, గోడా నేలా కలిసే మూలల్లో ప్రత్యేకంగా చూసుకోండి. నీళ్ళు నిలిపిన పరీక్షలో మట్టం బాగా దిగిపోయిన బాత్రూంకి పైపై గ్రౌటింగ్ చాలదు. అపార్ట్‌మెంట్లలో బాత్రూం స్లాబ్ అడుగు లోతుకి దించి, అందులో ఇటుక ముక్కలు నింపి పైన టైల్స్ వేస్తారు. ఆ గుంతలో నీరు చేరితే బయటికి పోయే దారి ఉండదు, నెలల తరబడి పక్క గోడల్లోకీ కింది ఇంట్లోకీ దిగుతూనే ఉంటుంది. అప్పుడు టైల్స్ తీసి, నింపినది ఖాళీ చేయించి, అడుగు నుంచి వాటర్‌ప్రూఫ్ చేయించడం తప్ప దారి లేదు. కొత్త పూత వేశాక, టైల్స్ వేయకముందే మళ్ళీ 24 గంటలు నీళ్ళు నిలిపి చూడండి. మేస్త్రీ తొందర పెట్టినా ఆగండి.

పై ఫ్లాట్ నుంచి కారుతుంటే మాటామాటా అనుకునే ముందు తేదీలు వేసిన ఫొటోలు చూపించి, ఇద్దరూ కలిసి నీళ్ళు నిలిపే పరీక్ష పెట్టుకోండి. కళ్ళతో చూశాక వాదన ఉండదు.

6. నేల చెమ్మకి గోడలో అడ్డు వేయించడం

బయట మట్టి తగ్గించి, నీటి పారుదల సరిచేసి, ఒక వానాకాలం చూశాక కూడా చెమ్మ ఎక్కుతుంటేనే ఈ మెట్టుకి రండి. కారణాల్లో ఇంకోటి చూసుకోవాలి: బయటి ప్లాస్టరింగ్‌ని నేలలోకి దిగేలా కొట్టి ఉంటే, గోడలో అడ్డుపొర ఉన్నా నీరు ఆ పూత గుండా దాన్ని దాటేస్తుంది. నేలకి తగిలే ఆ అర అడుగు పూతని కట్ చేయించండి. ఇంట్లో గచ్చు ఎత్తించి టైల్స్ వేయించినప్పుడు కూడా ఇలాగే అవుతుంది. ప్లింత్ బీము (పునాది మీద, గోడ కింద వేసే కాంక్రీటు దూలం) ఉంది కదా, చెమ్మ ఎలా వస్తుందని అడుగుతారు. బీము మీదుగా కొట్టిన పూత దారి ఇస్తుంది.

కట్టిన గోడకి కొత్త అడ్డు వేయడానికి ఇప్పుడు ఎక్కువగా చేసేది సైలేన్ రకం క్రీము ఎక్కించడం. నేలకి అర అడుగు ఎత్తులో, ఇటుకల మధ్య సిమెంటు వరసలో 12 మిల్లీమీటర్ల కన్నాలు, 12 సెంటీమీటర్లకి మించని దూరంలో వేస్తారు. కన్నం గోడ మందం దాదాపు దాటేంత లోతు వెళ్ళాలి, బయటికి మాత్రం పొడుచుకుని రాకూడదు. దుమ్ము ఊదేసి, కన్నం లోపలి చివర నుంచి మొదలుపెట్టి క్రీము నింపుతారు. అది చుట్టూ పాకి, నీటిని పీల్చే సన్నటి దారుల్ని పీల్చనివ్వకుండా చేస్తుంది. ఇటుకలోకి కాకుండా సిమెంటు వరసలోకే కన్నం పడుతోందో లేదో దగ్గరుండి చూసుకోండి. రాళ్ళూ మట్టీ కలిపి కట్టిన మందపు గోడల్లో లోపల ఖాళీలు ఉంటాయి కాబట్టి ఇది సరిగ్గా పనిచేయదు. అలాంటి ఇళ్ళకి చుట్టూ కాలువ తవ్వించడమే మంచిది.

7. పాత పూత కొట్టేయడం, ఉప్పు తీయడం, ఆరబెట్టడం

దీన్ని ఎవరూ ఓపిగ్గా చేయరు. ఇది చేయకపోతే పై పనులన్నీ చేసినా గోడ బాగుపడినట్టు కనిపించదు. నీరు ఆగిపోయినా ఉప్పు గోడలోనే ఉంటుంది. ఉప్పుకి గాలిలోని తేమని పీల్చే గుణం ఉంది. ముసురు పట్టిన రోజు గోడ మళ్ళీ తడిసినట్టు కనిపిస్తుంది.

మరక పై అంచుకి ఇంకో అడుగు పైదాకా పాత ప్లాస్టరింగ్ మొత్తం ఇటుక కనిపించేలా కొట్టించండి. ఇటుకల మధ్య సందుల్ని అర అంగుళం లోతు గీకించండి. రాలిన చెత్తని అదే రోజు ఇంటి బయటికి పంపించేయండి, అందులో నిండా ఉప్పే. కిటికీలు తెరిచి, ఫ్యాను పెట్టి వదిలేయండి. కొన్ని రోజుల్లో ఇటుక మీద తెల్లటి నూగు లేస్తుంది. పొడి బ్రష్‌తో దులిపి చేటలోకి ఎత్తేయండి. నీళ్ళతో కడగకండి, కడిగితే ఉప్పు కరిగి మళ్ళీ గోడలోకే పోతుంది. నూగు లేవడం ఆగే దాకా దులుపుతూనే ఉండండి.

ఎంత కాలం ఆరాలి? మందపు గోడకి అంగుళానికి సుమారు నెల అనేది ఒక మోటు లెక్క. మన ఎండలకి కొంత ముందే ఆరవచ్చు. తొమ్మిదంగుళాల గోడ వారంలో ఆరిపోతుందని ఎవరైనా చెబితే మాత్రం నమ్మకండి. మార్చిలో పాత పూత ఊడగొట్టించి మే చివర కొత్త పూత పెట్టించుకోవడం చాలా ఇళ్ళకి సరిపోతుంది. పాలిథిన్ పరీక్ష మళ్ళీ చేసి, కవరుకి గోడ వైపు చెమర్చకపోతేనే మేస్త్రీని పిలవండి.

కొత్త పూతకి ఒక పాలు సిమెంటు, ఒక పాలు సున్నం, ఆరు పాళ్ళ ఇసుక మంచి కలయిక. సున్నం కలిస్తే పూత గాలి ఆడనిస్తుంది. సముద్రపు ఇసుక కలవకుండా చూసుకోండి. ఉప్పు బోరు నీళ్ళు వాడకండి. వారం రోజులు క్యూరింగ్ తప్పదు. పాత సున్నపు గోడలకీ మట్టి గోడలకీ సిమెంటు పూత అసలు వద్దు. అది గోడని ఆరనివ్వదు, కొన్నేళ్ళకి పెద్ద పెచ్చులుగా గోడని కూడా పట్టుకుని ఊడుతుంది. వాటికి సున్నపు పూతే వేయించండి. చెమ్మ వచ్చిన గోడలకి జిప్సం, పీఓపీ కూడా పనికిరావు, అవి నీటికి మెత్తబడతాయి.

8. రంగు, ఆ తర్వాత

పూత పెట్టాక కనీసం నాలుగు వారాలు ఆగండి. వీలైతే మొదటి ఏడాది కింది మూడు అడుగులకి పుట్టీ లేకుండా సున్నం గానీ పలచటి డిస్టెంపర్ గానీ వేసి వదిలేయండి. చూడటానికి కాస్త మోటుగా ఉంటుంది, కానీ గోడ మిగిలిన నీటిని బయటికి పంపేస్తుంది. ఒక వానాకాలం దాటాక ఎమల్షన్ వేయించుకోండి.

చెమ్మ కనిపించకుండా నాలుగడుగుల ఎత్తు టైల్స్ వేయించడం, పీవీసీ ప్యానెళ్ళు బిగించడం, వాల్‌పేపర్ అతికించడం దయచేసి చేయకండి. వాటి వెనక నీరు ఎక్కుతూనే ఉంటుంది, బూజు పెరుగుతూనే ఉంటుంది. ఇంట్లో ఆయాసం ఉన్న పెద్దవాళ్ళో పసిపిల్లలో ఉంటే ఆ గాలి వాళ్ళకి మంచిది కాదు. బూజు ఉన్న చోట పొడిగా గీకకుండా, మాస్కు కట్టుకుని సబ్బు నీళ్ళతో తుడిచి ఆరబెట్టండి. బ్లీచింగ్ వాడితే టాయిలెట్ కడిగే యాసిడ్ దాంట్లో ఎప్పుడూ కలపకండి, విషవాయువు వస్తుంది.

ఏసీ గదులూ, అమెరికా ఇళ్ళూ

విశాఖ, కాకినాడ లాంటి ఉక్క ఊళ్ళలో ఏసీ గది గోడ చల్లగా ఉంటే అవతలి వైపు తేమ గాలి దానికి తగిలి చెమర్చుతుంది. ఏసీ మరీ తక్కువ ఉష్ణోగ్రతకి పెట్టకండి. బీరువాని గోడకి రెండు మూడు అంగుళాలు జరిపి పెట్టండి. తడి బట్టలు గదిలో ఆరేయకండి. చవకైన తేమ మీటరు ఒకటి గోడకి తగిలించి, గదిలో తేమ 60 శాతం దాటకుండా చూసుకోండి.

అమెరికాలో ఇల్లు కొనుక్కున్న వాళ్ళకి గోడ వేరే రకంగా ఉంటుంది. చెక్క చట్రం, మధ్యలో దూది లాంటి ఇన్సులేషన్, లోపల డ్రైవాల్ అనే జిప్సం పలక. మిన్నెసోటా లాంటి చలి రాష్ట్రాల్లో ఇంటి లోపలి ఆవిరి గోడలోకి పోయి చల్లబడకుండా, ఆవిరిని ఆపే పొర గోడకి లోపలి వైపు ఉంటుంది. హ్యూస్టన్ లాంటి ఉక్క చోట ఆవిరి బయటి నుంచి ఏసీ గదిలోకి వస్తుంది కాబట్టి లోపలి వైపు ప్లాస్టిక్ షీటు, వినైల్ వాల్‌పేపర్ పెట్టకూడదు. పక్క రాష్ట్రం వాళ్ళు చేశారని మీరూ చేయకండి, మీ ఊరి వాతావరణాన్ని బట్టి చేయండి. బాత్రూం ఫ్యాను, బట్టల డ్రైయర్ పైపు అటకలోకి కాకుండా ఇంటి బయటికి వదులుతున్నాయో లేదో ఎక్కి చూడండి. డ్రైవాల్ తడిస్తే ఒకటి రెండు రోజుల్లోనే ఆరబెట్టాలి, లేదంటే బూజు పడుతుంది.

వరద నీటిలో నిలిచిన గోడలు

2020 అక్టోబరులో హైదరాబాద్‌లో, 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగినప్పుడు విజయవాడ సింగ్ నగర్ చుట్టుపక్కల, ఇళ్ళలోకి వచ్చిన నీళ్ళు గోడల్లోకి బాగా ఇంకిపోయాయి. అలాంటి గోడకి పైన చెప్పిన పరీక్షలేవీ అక్కర్లేదు, నీరు ఎక్కడి నుంచి వచ్చిందో తెలుసు. కరెంటు లైన్లన్నీ ఎలక్ట్రీషియన్ చూసి సరే అనే దాకా మెయిన్ వేయకండి. బురదని తడిగా ఉండగానే మంచినీళ్ళతో కడిగేయండి, ఎండితే గోడకి పట్టేస్తుంది. గోడకి ఆనుకుని ఉన్న చెక్క అల్మారాల వెనక పలకలు, స్కర్టింగ్ టైల్స్ తీసేయించి గాలి తగలనివ్వండి. తలుపులూ కిటికీలూ పగలంతా తీసి ఉంచండి, బయట ముసురుగా ఉన్నప్పుడు మాత్రం మూసి ఫ్యాను వేయండి. సాయం డబ్బు రాగానే రంగులు వేయించేయాలని ఉంటుంది. ఆ డబ్బుతో ముందు వైరింగు, తలుపులు బాగుచేయించుకుని, గోడల్ని మాత్రం వచ్చే ఎండాకాలం దాటే దాకా సున్నంతోనే ఉంచండి.